ఐరిష్ పురాణాలు ఎక్కడ మొదలుపెట్టాలి? 1916 తిరుగుబాటుకి వాటితో సంబంధం ఎంత?

మీరు అడిగినవి రెండు ప్రశ్నలు. ఐరిష్ కవి యేట్స్‌ కవిత్వం అర్థం కావాలంటే ఐరిష్ పురాణం ఎంత తెలియాలి అన్నది ఒకటి. పురాణ వీరుడు కూహులిన్ కథలు చదివినందుకే 1916లో డబ్లిన్ జనం బ్రిటిష్ పాలనమీద తుపాకులు పట్టారన్నది నిజమేనా అన్నది రెండోది. రెండోదానికి సగం జవాబు ముందే చెప్పేస్తాను: వాళ్ల చేతికి వచ్చింది పాత కథ కాదు. కత్తిరించి, ఉతికి, ఇస్త్రీ చేసిన కథ.

మొదట పేర్ల సంగతి. రాతకీ పలుకుకీ పొంతన ఉండదు, చాలామంది ఇక్కడే పుస్తకం మూసేస్తారు. రాతలో ‘మెడ్బ్’ అని కనిపించే రాణి మేవ్. ‘సిధే’ అని ఉంటే షీ, అంటే దిబ్బల కింద ఉండే దివ్యజాతి. ‘ఒయిసిన్’ని ఉషీన్ అనాలి. ‘టాయిన్’ అంటే పశువులను తోలుకుపోయే దండయాత్ర. మనకు విరాటపర్వం పుణ్యమా అని గోగ్రహణం అనే మాట సిద్ధంగానే ఉంది. కాబట్టి అసలు ఇతిహాసం పేరు కూలీ గోగ్రహణం: ఐర్లండ్ ఉత్తర ప్రాంతమైన అల్స్టర్‌లోని ఒక ఎద్దు కోసం మేవ్ దండెత్తిన కథ. ఈ కూలీ మన కూలి కాదు, లౌత్ కౌంటీలో ఉన్న ఒక ద్వీపకల్పం.

కథలను నాలుగు మండలాలుగా విడదీస్తారు: దేవతలవి, అల్స్టర్ వీరులవి, ఫిన్ అనే వీరుడి దళమైన ఫియనావి, రాజులవి. యేట్స్ కాలపు ఐరిష్ సాహిత్య పునరుజ్జీవనం కోసమే చదువుతుంటే అల్స్టర్ మండలంతో మొదలుపెట్టండి. థామస్ కిన్సెల్లా 1969 అనువాదం తీసుకోండి. అందులో గోగ్రహణానికి ముందు కొన్ని ఉపకథలుంటాయి. వాటిని దాటేయడమే పెద్ద పొరపాటు. అల్స్టర్ మగవాళ్లందరూ పురిటినొప్పులతో మంచం పట్టారు, అందుకే పదిహేడేళ్ల కూహులిన్ ఒక్కడే సరిహద్దు కాశాడు. ఆ నొప్పులు మాహా అనే స్త్రీ పెట్టిన శాపం, ఆ కథ ఉపకథల్లోనే ఉంది. డీర్‌డ్రా కథ అక్కడిదే. కూహులిన్ కన్నకొడుకునే చంపుకున్న కథ కూడా అక్కడిదే. యేట్స్ ‘ఆన్ బెయిల్స్ స్ట్రాండ్’కి మూలం అది. 1904 డిసెంబర్ 27న డబ్లిన్‌లో ఆబీ థియేటర్ తలుపులు తెరిచిన రాత్రి ఆడిన నాటకాల్లో అదొకటి. (మన బభ్రువాహనుడి కథకి తలకిందులు, పైగా ఇక్కడ చచ్చినవాణ్ణి బతికించే మణి లేదు.)

అనువాదాలు పోల్చేటప్పుడు ఒకదానికొకటి పొసగకపోతే కంగారు పడకండి. మూలమే ఒకటి కాదు, వేర్వేరు రాతప్రతులున్నాయి. 1100 ప్రాంతపు ‘కపిలగోవు పుస్తకం’, పద్నాలుగో శతాబ్దం చివరి ‘లేకన్ పసుపు పుస్తకం’ ఒక పాఠాన్ని ఇస్తాయి: క్లుప్తం, అతుకులబొంత, మధ్యలో ఖాళీలు. పన్నెండో శతాబ్దపు ‘లైన్‌స్టర్ పుస్తకం’లోది నున్నగా, అలంకారాలతో సాగుతుంది. మేవ్, ఆమె మొగుడు పడకమీద ఎవరి ఆస్తి ఎక్కువని లెక్కలేసుకునే ప్రసిద్ధమైన మొదలు ఈ రెండో పాఠానిది. కిన్సెల్లా దాన్ని తెచ్చి మొదటి పాఠానికి అతికించాడు.

ఇప్పుడు యేట్స్‌తో కలిసి పనిచేసిన లేడీ గ్రెగరీ 1902లో వేసిన కూహులిన్ పుస్తకాన్ని పక్కన పెట్టుకుని మూడు చోట్లు పోల్చండి. ఒకటి, కూహులిన్‌కి పూనకం వచ్చినప్పుడు ఒంట్లో కీళ్లు తిరగబడి, ఒక కన్ను లోపలికి పోయి, ఇంకోటి చెంపమీదికి జారే వర్ణన. రెండు, ఎద్దునిస్తే నా తొడల స్నేహం కూడా ఇస్తానని మేవ్ కబురు పెట్టడం. మూడు, యుద్ధం చివర ఆమె నెత్తురు, మూత్రం కాలువలు కట్టడం. గ్రెగరీ దగ్గర ఇవి మెత్తబడ్డాయి, లేదా మాయమయ్యాయి. కొంత వదిలేశానని ఆవిడే తన ప్రాంతమైన కిల్టార్టన్ జనానికిచ్చిన అంకితంలో ఒప్పుకుంది. కారణం సిగ్గొక్కటే కాదు. 1899లో ట్రినిటీ కాలేజీ ప్రొఫెసర్ అట్కిన్సన్, పాత ఐరిష్ సాహిత్యంలో ఆదర్శమూ లేదు, కల్పనా లేదని విద్యా విచారణ సంఘం ముందు సాక్ష్యం చెప్పాడు. ఆ నోరు మూయించాలంటే మచ్చలేని వీరుడు కావాలి. గాల్వే పల్లెల మాటతీరుతో ఆవిడ అల్లిన ఇంగ్లిష్‌లో ఆ వీరుడు తయారయ్యాడు.

ఆవిడకన్నా ముందు ఈ దారి వేసినవాడు స్టాండిష్ ఓగ్రేడీ (1878, 1880 సంపుటాలు). విచిత్రమేమిటంటే ఆయన బ్రిటన్‌తో కలిసుండాలనే యూనియనిస్టు. ఐరిష్ భూస్వాములు ఈ కథలు చదివి పౌరుషం తెచ్చుకుంటారని ఆశపడ్డాడు. తెచ్చుకున్నవాళ్లు వేరు.

1916 తిరుగుబాటు నాయకుల్లో ఒకడైన ప్యాట్రిక్ పియర్స్ 1908లో పెట్టిన సెయింట్ ఎండాస్ బడిలో గోడమీద బాల కూహులిన్ బొమ్మ, చుట్టూ ఒక వాక్యం: ఒక పగలు, ఒక రాత్రి బతికినా చాలు, నా కీర్తి నిలిస్తే. అది గోగ్రహణంలోని బాల్యలీలల నుంచి తీసుకున్నదే. కూహులిన్ రాతిస్తంభానికి తనను కట్టేసుకుని నిలబడి చనిపోయే ఘట్టం మాత్రం గోగ్రహణంలో వెతక్కండి, అది విడి కథ. తిరుగుబాటుకి స్థావరమైన డబ్లిన్ జనరల్ పోస్టాఫీసులోని విగ్రహం ఆ ఘట్టానిదే. దాన్ని తిరుగుబాటు స్మృతిగా చెక్కారనుకుంటారు. కాదు, ఆలివర్ షెపర్డ్ 1911లోనే చేశాడు. 1935లో తెచ్చి అక్కడ పెట్టారు.

నా అంచనాలో జనంలోకి నిప్పులా పాకింది కూహులిన్ కాదు, ‘క్యాథ్లీన్ నీ హూలిహన్’. 1902 ఏప్రిల్ 2న జాతీయవాది మాడ్ గాన్ ఆడిన ఆ చిన్న నాటకంలో దేశమే ఒక ముసలమ్మ రూపంలో 1798 తిరుగుబాటు నాటి కిల్లాలా ఇంటికొచ్చి పెళ్లికొడుకుని పోరాటానికి తీసుకుపోతుంది. యేట్స్ పేరుమీద చెలామణీ అయినా అందులో గ్రెగరీ రాతే ఎక్కువ. ఇంగ్లిష్‌వాళ్లు కాల్చేసిన కొందరిని ఆ నాటకమే పంపిందా అని యేట్స్ ముసలితనంలో తనను తాను ప్రశ్నించుకున్నాడు. అయినా తిరుగుబాటుకి పురాణమే కారణమనకండి. ఐర్లండ్‌కి స్వపరిపాలన ఇచ్చే హోంరూల్ చట్టం 1914లో యుద్ధం పేరుతో ఆగిపోయింది, అల్స్టర్ యూనియనిస్టులు అంతకుముందే ఆయుధాలు దింపుకున్నారు, 1858 నాటి విప్లవకారుల ఫీనియన్ రహస్యసంఘం బతికే ఉంది. ఆ ‘ఫీనియన్’ పేరు ఫియనా నుంచే వచ్చింది, అదీ పునరుజ్జీవనానికి ఎన్నో ఏళ్ల ముందు. తూర్పు బెల్‌ఫాస్ట్‌లో బ్రిటన్‌కి విధేయులైన లాయలిస్టులు కూడా అదే విగ్రహం భంగిమలో కూహులిన్‌ని గోడకెక్కించారు, దక్షిణం నుంచి అల్స్టర్‌ని కాపాడినవాడిగా. కథ ప్రకారం చూస్తే వాళ్ల వాదన తీసేయదగ్గది కాదు!

మన వైపు సంబంధం కూడా ఒకమాట: ఈ ఉద్యమంలో పురాణ నాటకాలు రాసిన జేమ్స్ కజిన్స్ 1915లో ఇండియా వచ్చి మదనపల్లె థియోసాఫికల్ కాలేజీలో పనిచేశాడు. 1919లో టాగూర్ జనగణమనని ఇంగ్లిష్‌లోకి మార్చింది అక్కడే. వి.వి.గిరి 1913 నుంచి 1916 దాకా డబ్లిన్‌లో లా చదివారు.

కిన్సెల్లా, గ్రెగరీ, తర్వాత యేట్స్ నాటకాలు, ఈ వరసలో వెళ్లండి. అన్నీ అయ్యాక బెకెట్ ‘మర్ఫీ’ (1938) తెరవండి. అందులో నియరీ అనేవాడు నేరుగా పోస్టాఫీసుకెళ్లి ఆ కూహులిన్ విగ్రహం పిర్రలకేసి తల బాదుకుంటాడు.