వరదలో నాన్నగారు మోసిన బస్తా

ప్రశ్న: మాది కర్నూలు పాతబస్తీ. 2009 అక్టోబరు వరదల్లో మా నాన్నగారు తాను గుమస్తాగా ఉన్న కొట్టు నుంచి, యజమాని చెబితేనే, బియ్యం బస్తా తలకెత్తుకుని నడుంలోతు నీళ్లలో మేడ మీదికి చేరవేశారు. అప్పుడు ఒక వార్తా ఛానల్ తీసిన ఆ దృశ్యం, ఇటీవల ఇంటర్నెట్‌లో విడుదలైన డాక్యుమెంటరీలో నాలుగు సెకన్లు వచ్చింది. సరిగ్గా అక్కడే వ్యాఖ్యాత ‘దుకాణాలను లూటీ చేశారు’ అంటారు. నాన్నగారు కాలం చేసి నాలుగేళ్లయింది. మమ్మల్ని అడగకుండా ఆయన బొమ్మ వాడవచ్చా? ఆపించగలమా?

జవాబు: మీ ఉత్తరం చదివి మనసు కలుక్కుమంది. తుంగభద్ర, హంద్రీ కలిసి ఊరిని ముంచెత్తిన నాడు యజమాని సరుకు కాపాడిన మనిషిని దొంగల్లో కలిపేశారు.

అయితే, అనుమతి అడగలేదన్న వాదన మీకు పెద్దగా ఉపయోగపడదు. ఫుటేజీ మీద కాపీరైటు తీసిన ఛానల్‌ది, కనిపించినవారిది కాదు. అది విడుదలైన మరుసటి ఏడాది నుంచి 60 ఏళ్లు ఉంటుంది. నిర్మాత దాన్ని కొనుక్కుని ఉంటే అంతవరకు తప్పు లేదు. గోప్యతను 2017లో సుప్రీంకోర్టు ప్రాథమిక హక్కుగా తేల్చిన మాట నిజమే. కానీ ఇది నడివీధిలో తీసిన వార్తా దృశ్యం. పైగా ఆ హక్కు మనిషితోనే పోతుందని, వారసులకు రాదని జయలలిత జీవితంపై తీసిన సినిమా వివాదంలో 2021లో మద్రాసు హైకోర్టు చెప్పింది.

మీ అసలు బలం వ్యాఖ్యాత మాటల్లో ఉంది. అదే దృశ్యానికి ‘సరుకు కాపాడుకుంటున్న పనివారు’ అని ఉంటే మీకు కేసే లేదు. ఛానల్ దగ్గర కొన్నది దృశ్యాన్ని మాత్రమే. అందులోని మనిషి మీద నింద వేసే హక్కు ఏ ఒప్పందంతోనూ రాదు. భారతీయ న్యాయ సంహిత 356వ సెక్షన్ ప్రకారం, బతికి ఉంటే పరువు తీసే నిందను చనిపోయినవారికి అంటగట్టి, దానితో కుటుంబాన్ని నొప్పించాలనుకుంటే అదీ పరువు నష్టమే. ఫిర్యాదు మీరే చేయవచ్చు; గడువు మూడేళ్లు. చిక్కంతా ఆ ‘ఉద్దేశం’ దగ్గరే. ఆయనెవరో వాళ్లకు తెలియదు. మాటకు సరిపోయే దృశ్యం వెతికి అతికించి ఉంటారు.

అందుకే ముందు నోటీసు పంపండి. నిర్మాతకు, చిత్రాన్ని ప్రసారం చేస్తున్న సంస్థ ఫిర్యాదుల అధికారికి వివరాలు రాసి, ఆ నాలుగు సెకన్లు తీసేయాలని గానీ, మాట మార్చాలని గానీ కోరండి. డబ్బు ప్రస్తావన తేవద్దు; నష్టపరిహారం దావా చనిపోయినవారి తరఫున సాధారణంగా నిలవదు. అన్నీ తెలిశాక కూడా ఆ మాట ఉంచితే, తెలియక చేశామని తప్పించుకోవడం వారికి కష్టమవుతుంది.

నోటీసు కంటే ముందు ఆ భాగాన్ని, అది వచ్చే నిమిషం, సెకను రాసుకుని, కాపీ చేసి దాచండి. కోర్టుకు వెళితే దానికి భారతీయ సాక్ష్య అధినియమ్ (కొత్త సాక్ష్య చట్టం) 63వ సెక్షన్ కింద ఎలక్ట్రానిక్ రికార్డులకు ఇచ్చే ధ్రువపత్రం జతచేయాలి. కొట్టు యజమాని ఉన్నారా? ఉంటే, బస్తా తానే తీయించానని ఆయన చేత నోటరీ ముందు అఫిడవిట్ రాయించండి. పెద్దవయసు మనిషి కావచ్చు, ఈ వారమే వెళ్లండి.