ఏఎన్ఏ పాజిటివ్ వచ్చిన అమ్మాయికి

చిరంజీవి అమ్మాయికి,

పెదనాన్న ఆశీస్సులు. నువ్వు పంపిన రిపోర్టు చూశాను. ‘ఏఎన్ఏ పాజిటివ్, 1:100, స్పెకిల్డ్, 1+’ అన్న ఒక్క లైను పట్టుకుని రాత్రంతా లూపస్ (ఒంటి రక్షణ వ్యవస్థ మన ఒంటి మీదే తిరగబడే జబ్బు) గురించి చదువుతూ కూర్చున్నావని మీ అమ్మ చెప్పింది. ఏఎన్ఏ అన్నది జబ్బు పేరు కాదమ్మా, మన కణకేంద్రకాలనే పట్టుకునే యాంటీబాడీలు రక్తంలో ఉన్నాయేమో చూసే పరీక్ష. ముందు దాన్ని చదవడం నేర్చుకో.

గాజు పలక మీద హెప్-2 అనే మనిషి కణాలు ఉంటాయి. నీ సీరమ్‌ని, అంటే రక్తం గడ్డకట్టాక పైన తేలే ద్రవాన్ని, పలచన చేసి వాటి మీద వేస్తారు. కణకేంద్రకాన్ని పట్టుకునే యాంటీబాడీలు నీలో ఉంటే అక్కడే అతుక్కుంటాయి, మిగతాది కడిగితే పోతుంది. తర్వాత మెరిసే రంగు కలిపిన మరో యాంటీబాడీ వేసి మైక్రోస్కోపులో చూస్తే కేంద్రకాలు ఆకుపచ్చగా వెలుగుతాయి. నూరు రెట్లు పలచన చేసినా వెలుగు కనపడితే 1:100. వెయ్యి రెట్లకీ కనపడితే యాంటీబాడీలు బాగా ఎక్కువున్నట్టు. 1+ అన్నది వెలుగు తీవ్రతకి చూసేవాళ్లు వేసే అంచనా. అందుకే ల్యాబు మారితే కాస్త అటూఇటూ అవుతుంది.

ఏ జబ్బూ లేనివాళ్లలో కూడా 1:80 దగ్గర నూటికి సుమారు 13 మందికి, 1:160 దగ్గర 5 గురికి పాజిటివ్ వస్తుంది. థైరాయిడ్ యాంటీబాడీలు, టీబీ, హెపటైటిస్-సి ఉన్నా రావచ్చు. టీబీకి ఇచ్చే ఐసోనియాజిడ్, మొటిమలకి వాడే మినోసైక్లిన్ వల్ల కూడా వస్తుంది. కాబట్టి ఈ మధ్య వాడిన మందులన్నీ కాగితం మీద రాసి తీసుకెళ్లు.

స్పెకిల్డ్ అంటే చుక్కలు చుక్కలుగా వెలగడం. అన్నిటికంటే తరచుగా కనిపించేది ఇదే, ఒంటరిగా చెప్పేదీ తక్కువే. స్పెకిల్డ్ బదులు సెంట్రోమియర్ అనే నమూనా ఉండి, చలికి వేళ్లు తెల్లబడి నీలంగా మారుతుంటే అప్పుడు చర్మం బిగుసుకుపోయే స్క్లెరోడెర్మా జబ్బు గురించి ఆలోచిస్తారు. ఇంకో ల్యాబులో ఎలైజా అనే వేరే పద్ధతిలో ఏఎన్ఏ చేయించి 1.4 లాంటి అంకె తెచ్చుకుని దీనితో పోల్చకు, రెండూ వేరే కొలతలు.

2019 నాటి లూపస్ ప్రమాణాల్లో ఏఎన్ఏ 1:80 గానీ అంతకంటే ఎక్కువ గానీ ఉండటం లోపలికి రానిచ్చే టికెట్ మాత్రమే. ఆ తర్వాత లక్షణాలకీ పరీక్షలకీ కలిపి 10 మార్కులు రావాలి, వాటిలో ఒక్కటైనా ఒంట్లో కనిపించే లక్షణానిదై ఉండాలి.

అందుకే ఇలాంటి జబ్బులూ కీళ్లూ చూసే రుమటాలజిస్టు దగ్గరికి నీ ఒంటి లెక్క పట్టుకెళ్లు. పొద్దున లేవగానే వేళ్లు ఎన్ని నిమిషాలు బిగుసుకుని ఉంటున్నాయి? ఏ కీళ్లు వాస్తున్నాయి? ఎండకి బుగ్గల మీద ఎర్రబడితే ఆ పూటే పగటి వెలుగులో ఫొటో తీసిపెట్టుకో, అపాయింట్‌మెంటు రోజుకి అది ఉండకపోవచ్చు. నొప్పి లేని నోటిపుండ్లు, జుట్టు రాలడం, కళ్లు పొడిబారడం, గర్భస్రావాలు, ఏవీ దాచకు. డాక్టరు చూసేలోపు మందుల షాపులో స్టెరాయిడ్ బిళ్లలు కొని వేసుకోవద్దు. వాపు తగ్గిపోతే గుర్తులూ పోతాయి.

ఇప్పుడు అన్నిటికంటే ముఖ్యమైనది మూత్ర పరీక్ష. చవకని చాలామంది పట్టించుకోరు. లూపస్ కిడ్నీని నొప్పి లేకుండానే దెబ్బతీస్తుంది. పొద్దుటి మొదటి మూత్రంలో ముందు ధార వదిలేసి మధ్యలోది పట్టు. నెలసరి రోజుల్లో ఇవ్వకు, రక్తం కలిసి రిపోర్టు తప్పుదారి పట్టిస్తుంది. మూత్రంలో ప్రోటీన్‌కీ, క్రియాటినిన్ అనే వ్యర్థానికీ ఉన్న నిష్పత్తి 0.5 దాటితే ఊరుకోకూడదు. దీంతోపాటు రక్తకణాల లెక్క, రక్తంలో క్రియాటినిన్, ఒంట్లో వాపు ఉందేమో చెప్పే ఈఎస్ఆర్, సీఆర్పీ చాలు. డీఎస్‌డీఎన్ఏ, సీ3, సీ4, ఈఎన్ఏ ప్రొఫైల్ లాంటి ప్రత్యేక రక్తపరీక్షలు డాక్టరు అనుమానపడి రాస్తేనే చేయించు.

ఏఎన్ఏ మాత్రం నెలనెలా చేయించకు. జబ్బు ఉన్నా దాని హెచ్చుతగ్గులు ఆ అంకెలో తెలియవు. పిల్లల కోసం అనుకుంటున్నట్టయితే డాక్టరుకి తప్పకుండా చెప్పు. రో (Ro) అనే యాంటీబాడీ ఉంటే కడుపులో బిడ్డ గుండె కొట్టుకోవడాన్ని జాగ్రత్తగా చూసుకోవాల్సి వస్తుంది.

మొహం, కాళ్లు వాచినా, మూత్రం నురగలు కట్టినా, ఊపిరి ఆడకపోయినా అపాయింట్‌మెంటు కోసం ఆగకుండా ఆసుపత్రికి వెళ్లిపో.

మూత్రం రిపోర్టు రాగానే పంపు. కుడివైపు ఉండే నార్మల్ అంకెలు కత్తిరించకుండా, పేజీ మొత్తం ఫొటో తీయి.

ఇట్లు,
పెదనాన్న