సర్వే డ్రాయింగ్ స్కెచప్‌లో ఎందుకు వణుకుతుంది?

ప్రశ్న: హైదరాబాద్‌లో 60 మీటర్ల పొడవున్న ప్లాటుకు సర్వేయరు ఇచ్చిన డీజీపీఎస్ (ఉపగ్రహాల సాయంతో కచ్చితంగా కొలిచే పరికరం) డ్రాయింగ్‌ను స్కెచప్ అనే 3డీ మోడలింగ్ సాఫ్ట్‌వేర్‌లోకి తెచ్చాను. గీతలు వణుకుతున్నాయి, ఫేసులు (గీతల మధ్య ఏర్పడాల్సిన తలాలు) మూసుకోవడం లేదు. ఉపగ్రహ చిత్రం మీద ప్లాటు కాస్త తిరిగినట్టుంది. ఎత్తు 463 మీటర్లని ఉంది, టోపోషీట్‌లో (ఎత్తులు చూపే సర్వే పటంలో) మాత్రం 540 దగ్గర. ఏది నమ్మాలి? — ఆర్కిటెక్చర్ విద్యార్థిని

జవాబు: సర్వేయరు లెక్క తప్పు కాదు. డ్రాయింగ్ యూటీఎం 44 ఉత్తర జోన్‌లో ఉంది. యూటీఎం అంటే భూమిని జోన్లుగా విడగొట్టి, స్థానాన్ని మీటర్లలో చెప్పే పద్ధతి; తూర్పు వైపు కొలతను ఈస్టింగ్, ఉత్తరం వైపు కొలతను నార్తింగ్ అంటారు. ఆ లెక్కన హైదరాబాద్ ఈస్టింగ్ దాదాపు 2,32,000, నార్తింగ్ 19,25,000 మీటర్లు. అంటే మీ ప్లాటు స్కెచప్ ఒరిజిన్‌కు (0,0 బిందువుకు) 1,900 కిలోమీటర్ల అవతల పడింది. అంత దూరాన మిల్లీమీటర్లు నిలబడవు. వణుకు అందుకే.

ఆటోక్యాడ్‌లో ఫైలుకు కాపీ తీసి, నైరుతి హద్దురాయి ఈస్టింగ్, నార్తింగ్ రాసిపెట్టుకోండి. లేయర్లన్నీ ఆన్ చేసి, ఆ మూలను పట్టుకుని మొత్తాన్ని 0,0కు మూవ్ చేయండి. దూరాన ఎక్కడో మిగిలిన చిన్న గీతనైనా తీసేయాలి, లేదంటే జూమ్ ఎక్స్‌టెంట్స్ నొక్కితే తెర ఖాళీగా కనిపిస్తుంది. స్కెచప్‌లో ఇంపోర్ట్ యూనిట్లు మీటర్లని ఇవ్వడం మరవకండి. ఆ మూల ఈస్టింగ్, నార్తింగ్‌లను క్యూజీఐఎస్ అనే మ్యాప్ సాఫ్ట్‌వేర్‌లో 32644 కోడ్ (యూటీఎం 44 ఉత్తర జోన్ సంఖ్య) నుంచి అక్షాంశ రేఖాంశాల డిగ్రీలకు మార్చి, ఆరు దశాంశ స్థానాల వరకు మోడల్ ఇన్ఫోలోని జియో-లొకేషన్‌లో నింపండి.

ప్లాటు తిరగడానికి కారణం వేరు. జోన్ మధ్యరేఖ 81 డిగ్రీల రేఖాంశం, మనం 78.5 దగ్గర ఉన్నాం. అందువల్ల గ్రిడ్ ఉత్తరం (డ్రాయింగ్‌లో నిలువుగా పైకి ఉన్న దిశ) అసలు ఉత్తరానికి పడమరగా సుమారు 0.75 డిగ్రీలు వాలుతుంది. 60 మీటర్ల చివర అది 79 సెంటీమీటర్లు! డ్రాయింగ్ మొత్తాన్ని గ్రూపు చేసి ఒరిజిన్ చుట్టూ అపసవ్య దిశలో అంత తిప్పండి. సర్వేయరుకు మార్కింగ్ పాయింట్లు ఇచ్చేటప్పుడు ముందు వెనక్కి తిప్పి, ఆ తర్వాతే రాసిపెట్టుకున్న అంకెలు కలపాలి. ఈ వరస తప్పితే పునాది పక్కింటివాళ్ల గోడలోకి పోతుంది.

అమరిక సరిపోయిందో లేదో స్కెచప్ నీడలకు టైమ్ జోన్ 5:30 పెట్టి పరీక్షించండి. డిసెంబర్ 21న 12:14కు 10 మీటర్ల గోడ నీడ ఉత్తరానికి సుమారు 8.6 మీటర్లు పడాలి. జూన్ 21న 12:18కు దక్షిణానికి మీటరు పడాలి. సూర్యుడప్పుడు మన నడినెత్తికి ఉత్తరాన ఉంటాడు, కాబట్టి జూన్ నీడ ఉత్తరానికి పడితే అమరికలో తప్పుందన్నమాట.

ఇక ఎత్తు. డీజీపీఎస్ కొలిచేది ఎలిప్సాయిడ్ (భూమి ఆకారానికి లెక్కల్లో వాడే నున్నటి గోళం లాంటి రూపం) నుంచి, టోపోషీట్ కొలిచేది సముద్రమట్టం నుంచి. హైదరాబాద్‌లో వీటి మధ్య తేడా సుమారు 76 మీటర్లు, కాబట్టి రెండూ సరైనవే. ప్లింత్‌కు (ఇంటి నేలమట్టానికి) మాత్రం రెండూ వద్దు. రోడ్డు మధ్యలో ఒక పాయింటును సున్నా అనుకుని, ఆటో లెవెల్‌తో (ఎత్తు తేడాలు కొలిచే పరికరంతో) తీసిన లెవెల్స్ వాడండి.