ఒకే తొట్టిలో రెండు గెకోలా? వద్దండీ

ప్రశ్న: మా లెపర్డ్ గెకోకి (ఒంటిమీద మచ్చలుండే పెంపుడు బల్లి) రెండేళ్లు. ఒంటరిగా ఉంటోందని జాలేసి ఇంకోదాన్ని తెచ్చి అదే టెర్రేరియంలో (అది ఉండే గాజు తొట్టిలో) వదిలాం. మొదటిరోజు బాగానే ఉన్నాయి, రెండోరోజు రాత్రి పాతది కొత్తదాని తోక కొరికింది. తోక తెగలేదు గానీ గాయమైంది. వెంటనే విడదీశాం. వీటికి స్నేహం కుదరాలంటే ఏం చేయాలి?
– ఒక పాఠకురాలు

జవాబు: విడదీసి మంచి పని చేశారు. ఇక కలపకండి. లెపర్డ్ గెకోకి తోడు లేదన్న బెంగ ఉండదండీ, ఆ తొట్టంతా తనదే అనుకుంటుంది. రెండూ మగవైతే కొట్లాట ఖాయం, ఆడా మగా అయితే మగది వెంటపడి వదలదు, మాటిమాటికీ గుడ్లు పెట్టి ఆడది నీరసించిపోతుంది, రెండూ ఆడవే అయినా ఒకటి తింటుంటే రెండోది మూల నక్కి చిక్కిపోవడం మామూలే. ఒకదాని మీద ఒకటి పడుకుంటే మనకు ముద్దొస్తుంది, కానీ చాలాసార్లు అది వెచ్చని చోటు కోసం పోటీ.

గాయం సంగతి ముందు చూడండి. గాయాలు శుభ్రం చేసే పొవిడోన్ అయోడిన్ మందును నీళ్లలో పల్చటి టీ రంగు వచ్చేదాకా కలిపి మెల్లగా అద్దండి, అడుగున ఇసుక తీసేసి పేపర్ టవల్ పరవండి. తోక వాచినా, నల్లబడినా డాక్టర్‌కి చూపించాల్సిందే.

నాకు అంతకంటే టెన్షన్ పెట్టేది, రెండ్రోజులు కలిసి ఉండటం. క్రిప్టోస్పోరిడియం అనే పరాన్నజీవి మలం ద్వారా అంటుతుంది, గెకోల్లో దానికి నమ్మదగిన మందు లేదు, మామూలు బ్లీచ్‌కి కూడా చావదు. అందుకే రెండింటి మలం పరీక్ష చేయించండి. కొత్తదాన్ని 60 నుంచి 90 రోజులు వేరే గదిలో ఉంచండి, వస్తువులు కూడా వేరుగా ఉండాలి, ముందు పాతదాని పని చూసుకుని తర్వాతే కొత్తదాని దగ్గరికి వెళ్లండి, అయ్యాక చేతులు సబ్బుతో కడుక్కోండి. వారానికోసారి రెండింటినీ వంటింట్లో వాడని చిన్న త్రాసు మీద తూచి గ్రాముల్లో రాసుకోండి. గెకో కొవ్వు దాచుకునేది తోకలోనే, లావుగా ఉండాల్సిన తోక పుల్లలా సన్నబడిందంటే ఆలస్యం చేయొద్దు.

ఆ 60–90 రోజుల తర్వాత కూడా కొత్తదానికి సొంత తొట్టే కావాలి. ఒకవైపు నేల వేడి 31 నుంచి 33 డిగ్రీలు, రెండోవైపు చల్లగా, రెండు వైపులా దాక్కోవడానికి గూళ్లు ఉండాలి. తొట్లు పక్కపక్కనే పెడితే మధ్యలో ఒక అట్ట నిలబెట్టండి, ఒకదానికొకటి కనపడకుండా.