మెడూసా అంటే రాక్షసా, జెల్లీఫిష్షా?

మీ పాప అడిగిన ప్రశ్న మంచిదే: పాఠంలో జెల్లీఫిష్‌ని మెడూసా అన్నారు, గూగుల్‌లో చూస్తే పాముల జుట్టు రాక్షసి వస్తోంది, ఏది కరెక్ట్ అని. రెండూ కరెక్టే, టెన్షన్ పడకండి.

గ్రీకు కథల్లో మెడూసా తలనిండా పాములే, ఆమెని చూసినవాళ్లు రాయైపోతారు. గొడుగులాంటి ఒంటి కింద తీగలు వేలాడే జెల్లీఫిష్‌ని చూస్తే ఆ తలే గుర్తొస్తుంది. 1758లో జీవులకి శాస్త్రీయ పేర్లు పెట్టిన స్వీడన్ శాస్త్రవేత్త లిన్నేయస్ ఆ పేరే పెట్టాడు. మూన్ జెల్లీ అనే జెల్లీఫిష్ శాస్త్రీయ నామం అప్పట్లో మెడూసా ఆరిటా, ఇప్పుడు ఆరేలియా ఆరిటా. తమాషా ఏంటంటే, గ్రీకులో మెడూసా అంటే కాపలా కాసేది, ఏలేది అని అర్థం. పాముల ఊసే లేదు!

పరీక్షకి ఒకటి గుర్తుపెట్టుకోమనండి. ఇప్పుడు మెడూసా అనేది ఒక జీవి పేరు కాదు, ఈదే శరీర రూపం పేరు. నోరు కిందికి ఉంటుంది. రాయికి అతుక్కుని నోరు పైకి పెట్టే రూపం పాలిప్. ఆరేలియాకి రెండు దశలూ ఉన్నాయి. జెల్లీఫిష్‌కి బంధువైన చిన్న జీవి హైడ్రాకి పాలిప్ ఒక్కటే. ఆ పేరూ గ్రీకు పురాణానిదే: వీరుడు హెరాక్లీస్ ఒక తల నరికితే రెండు మొలిచే పాము. మన చెరువుల్లో హైడ్రాని కోసినా ముక్కలు మళ్లీ పెరుగుతాయిగా, అందుకే.