మొక్కజొన్నతో ఇథనాల్ తయారీ: లాభం ఎవరికి, నష్టం ఎక్కడ?

మీరు మూడు సంగతులు అడిగారు. మొక్కజొన్న ఇథనాల్ వల్ల రైతుకు లాభమా? తిండిగింజను ఇంజన్లలో కాల్చడం తప్పు కాదా? పెట్రోలు కన్నా ఇది నిజంగా శుభ్రమైనదేనా? అమెరికాలో మొక్కజొన్న పండే ప్రాంతంలో ఒక ఇథనాల్ ప్లాంటులో కొన్నేళ్లు ప్రాసెస్ ఇంజనీరుగా చేశాను కాబట్టి అక్కడి సంగతే చెబుతాను. నా అభిప్రాయం ముందే చెప్పేస్తున్నా: గింజకు ధర నిలబెట్టే పథకంగా ఇది బాగానే పనిచేసింది. వాతావరణాన్ని కాపాడే ఇంధనం అని మాత్రం నేను ఒప్పుకోను.

ముందు డబ్బు. 2005లో, మళ్లీ 2007లో వచ్చిన చట్టాలతో అమెరికాలో పెట్రోల్లో ఇథనాల్ కలపడం తప్పనిసరైంది. మొక్కజొన్న ఇథనాల్‌కు దక్కిన వాటా ఏడాదికి 1,500 కోట్ల గ్యాలన్లకు (గ్యాలన్ అంటే 3.8 లీటర్ల దగ్గర) చేరింది. ఇప్పుడు అక్కడి పంటలో మూడో వంతుకు పైగా ఈ ప్లాంట్లకే పోతోంది. ప్లాంటు పెట్టిన చోట చుట్టుపక్కల రైతుకు తేడా మొదటి సీజన్లోనే తెలుస్తుంది. గింజను దూరం తోలే ఖర్చు తప్పుతుంది, దగ్గర్లోనే నికరంగా కొనేవాడు ఉంటాడు. చాలా ప్లాంట్లలో రైతులే వాటాదారులు కూడా. గింజ చవకైన ఏడు ప్లాంటు నుంచి డబ్బు వస్తుంది, గింజ పిరమైన ఏడు పొలం నుంచి వస్తుంది. ఆ ఏర్పాటు నాకు చాలా నచ్చింది.

కానీ కౌలు రైతు దగ్గర ఆ లాభం ఎక్కువ కాలం నిలవదు. ధర పెరిగిన కొద్దికాలానికే కౌలూ పెరుగుతుంది, చివరికి మిగులు భూమి ఉన్నవాడిదే. పశువులు, కోళ్లు పెంచేవాళ్లకైతే దాణా భారం మీద పడింది. 2005లో బుషెల్ (25 కిలోల పైచిలుకు) మొక్కజొన్న రెండు డాలర్ల చుట్టూ ఉండేది, 2012 కరువులో ఎనిమిది దాటింది. ఇథనాల్ ఒక్కటే కారణం అనను, కరువుది పెద్ద చెయ్యి. అయితే పంటలో అంత వాటా కచ్చితంగా కొని తీరాలని చట్టం ఉన్నప్పుడు, కొరత ఏడాది దెబ్బంతా మిగిలిన కొనుగోలుదార్ల మీదే పడుతుంది. ప్లాంట్లకూ భద్రత లేదు. ఖర్చులో సింహభాగం గింజదే. దేశంలో పెద్ద ఉత్పత్తిదారుల్లో ఒకటైన వెరాసన్ 2008 అక్టోబరులో దివాలా తీసింది. ఉద్యోగాల గురించి గొప్పగా చెబుతారు గానీ, ఏడాదికి పది కోట్ల గ్యాలన్లు తీసే ప్లాంటులో కూడా ఉండేది యాభై మంది అటూ ఇటూగానే.

ఇక తిండిగింజ మాట. ఒక బుషెల్ గింజను తీసుకోండి. అందులోంచి సుమారు 11 లీటర్ల ఇథనాల్, ఏడు కిలోలకు పైగా ఎండు దాణా వస్తాయి. గింజను పులియబెట్టే సూక్ష్మజీవి ఈస్ట్ తినేది పిండి పదార్థం నుంచి వచ్చిన చక్కెరనే. మాంసకృత్తులు, పీచు, కొంత నూనె వెనక్కి వచ్చేస్తాయి. కాబట్టి గింజంతా బూడిదైపోతోందన్న మాట నిజం కాదు. అదే గింజలో బూజు విషం ఉంటే అది కూడా దాణాలోకే చేరి దాదాపు మూడింతలు చిక్కబడుతుంది. అందుకే లారీ కాటా దగ్గర ఆగగానే గింజ శాంపిల్ తీసి పరీక్షిస్తారు. అనుమానం వస్తే లారీని వెనక్కి తిప్పేయడమే, అందులో మొహమాటం పనికిరాదు.

నేను ఎక్కువ తలపట్టుకున్నది ఆ దాణా ఆరబెట్టే డ్రయ్యర్ల దగ్గరే. ఈస్ట్ పని రెండు రోజుల పైచిలుకులో అయిపోతుంది. తర్వాత ఇథనాల్‌ను ఆవిరి పట్టి వేరు చేస్తాం. అడుగున మిగిలినదాన్ని సెంట్రిఫ్యూజుల్లో తిప్పితే తడి గుజ్జు వస్తుంది, అందులో మూడింట రెండు వంతులు నీళ్లే. ఆ నీటిని తరిమేయడానికి ప్లాంటు కాల్చే సహజవాయువులో మూడో వంతు దాకా ఖర్చవుతుంది. పక్కనే పశువుల్ని మేపే పెద్ద కేంద్రం ఉంటే గుజ్జును అలాగే లారీకెత్తి పంపొచ్చు, ఆ గ్యాసంతా మిగులుతుంది. కానీ ఎండాకాలంలో నాలుగు రోజుల్లో పుల్లబడి బూజు పడుతుంది, దూరం పోదు. అంటే అదే యంత్రాలు, అదే గింజ ఉన్నా, దాణా కొనేవాడు ఎంత దూరంలో ఉన్నాడన్న దాన్ని బట్టి లీటరు ఇథనాల్ వెనకున్న కాలుష్యం మారిపోతుంది. ప్లాంటు కట్టే ముందు నేనైతే మొదట ఇదే అడుగుతాను.

ప్లాంటు వరకు చూస్తే సామర్థ్యం నిజంగానే పెరిగింది. పెట్టిన శక్తికి రెట్టింపు తిరిగి వస్తోందని అమెరికా వ్యవసాయ శాఖ లెక్క, అది నమ్మదగినదే. అసలు గొడవ పొలంలో ఉంది. మొక్కజొన్న నత్రజనిని విపరీతంగా లాగే పంట. ఆ ఎరువు తయారీకి సహజవాయువే కావాలి. వేసిన ఎరువులో కొంత నైట్రస్ ఆక్సైడ్‌గా గాల్లోకి పోతుంది, కార్బన్ డయాక్సైడ్ కన్నా సుమారు 270 రెట్లు వేడిని పట్టి ఉంచే వాయువది. మరికొంత నైట్రేట్‌గా వాగుల్లోంచి మిసిసిపీ నదిలోకి, అక్కణ్ణుంచి మెక్సికో సింధుశాఖలోకి చేరుతుంది. 2017 వేసవిలో అక్కడ 22 వేల చదరపు కిలోమీటర్లకు పైగా సముద్రం అడుగున ప్రాణవాయువు అందని ప్రాంతంగా మారింది. అందులో ఇథనాల్ కోసం వేసిన పంట వాటా ఎంత అన్నది వాదన. మొక్కజొన్న బెల్టు పాత్ర గురించి మాత్రం వాదన లేదు.

నేల సంగతి ఇంకా పెద్దది. ధర పెరిగితే పచ్చిక బీడు కూడా దున్నుతారు. ఏళ్ల తరబడి నేలలో దాగిన కార్బన్ ఒక్కసారిగా బయటికొస్తుంది. అమెరికాలోని ఆర్గాన్ జాతీయ ప్రయోగశాల లెక్కలో ఇథనాల్ ఉద్గారాలు పెట్రోలు కన్నా 40 శాతానికి పైగా తక్కువ. విస్కాన్సిన్ విశ్వవిద్యాలయానికి చెందిన టైలర్ లార్క్ బృందం 2022లో వేసిన లెక్కలో పెట్రోలు కన్నా తక్కువేమీ కాదు, బహుశా కనీసం 24 శాతం ఎక్కువ. రెండు లెక్కల మధ్య ఇంత దూరం రావడానికి ముఖ్య కారణం, కొత్తగా దున్నిన నేలను ఎంత మేర ఇథనాల్ ఖాతాలో రాయాలన్నదే. నేను రెండో లెక్క వైపు మొగ్గుతాను, ఎందుకంటే కొనుగోలు పెరిగితే సాగు పెరగకుండా ఉండటం నేను చూడలేదు.

బండి సంగతి క్లుప్తంగా: ఇథనాల్‌లో శక్తి పెట్రోలులో మూడింట రెండు వంతులే, పది శాతం కలిపితే మైలేజీ మూడు శాతం దాకా తగ్గుతుంది. ఆక్టేన్ (ఇంధనం ఇంజన్లో ముందే అంటుకోకుండా నిలిచే గుణం) పెంచడంలో మాత్రం మంచిది. అంతకుముందు పెట్రోల్లో అదే పనికి కలిపి, భూగర్భజలాన్ని పాడుచేసిన ఎంటీబీఈ అనే రసాయనం స్థానంలో ఇది రావడం మేలే జరిగింది.

పులిసేటప్పుడు వచ్చే కార్బన్ డయాక్సైడ్‌ను పట్టి భూమిలోకి పంపితే సరిపోదా అని కూడా అడుగుతుంటారు. అది దాదాపు స్వచ్ఛంగా వస్తుంది కాబట్టి పట్టడం తేలికే, ఇల్లినాయ్ రాష్ట్రంలోని డెకేటర్‌లో ఇప్పటికే చేసి చూపించారు. చేయదగ్గ పనే. కానీ దానితో పొలంలోంచి లేచే నైట్రస్ ఆక్సైడ్ తగ్గదు, వాగులోకి పోయే నైట్రేట్ తగ్గదు. ఇలా కార్బన్‌ను పట్టడానికి ప్రభుత్వం ఇచ్చే సబ్సిడీలో కొంతైనా ఎరువు తక్కువ వాడే రైతుకు, పంట తీశాక నేలను ఖాళీగా వదలకుండా కప్పుడు పంట వేసే రైతుకు చేరేలా ఉంటేనే నేను దాన్ని సమర్థిస్తాను.