ఆ ఊపిరి వినిపించాలి

చిరంజీవి మేనల్లుడికి మామయ్య ఆశీస్సులు.

నువ్వు పంపిన పాట రాత్రి ఇయర్‌ఫోన్లు పెట్టుకుని రెండుసార్లు విన్నాను. పాత ప్రేమపాట వేగం తగ్గించి రెవర్బ్ (పెద్ద హాలులో మోగినట్టుండే ప్రతిధ్వని) కలిపితే మనసుకు అంతగా ఎందుకు తగులుతుందని అడిగావు. 30 ఏళ్లు స్టూడియోలో పనిచేసినవాడిగా తెలిసింది చెబుతాను.

మా చిన్నతనంలో టేప్‌రికార్డర్‌లో బ్యాటరీలు అయిపోవస్తే పాట బరువెక్కి ఈడ్చుకుంటూ సాగేది. మేమంతా నవ్వేవాళ్లం. మీ అమ్మ మాత్రం ఆపనిచ్చేది కాదు. ‘ఇప్పుడే బాగుంది, ఉండండి’ అనేది. బ్యాటరీలు ఎండలో పెట్టి మళ్లీ వేసినా, తను ఎదురుచూసేది ఆ చివరి రెండు నిమిషాల కోసమే. అమెరికాలోని హ్యూస్టన్‌లో డీజే స్క్రూ అనేవాడు 1990లలో ఇలాగే పాటల వేగం తగ్గించి క్యాసెట్లు చేశాడు. నీ పనికి మూలం అక్కడుంది.

వేగం అసలు దానిలో 0.8 వంతుకి తగ్గిస్తే నాలుగు నిమిషాల పాట ఐదు నిమిషాలవుతుంది. శ్రుతి హార్మోనియం మీద దాదాపు నాలుగు మెట్లు దిగుతుంది. పెరిగిన ఆ నిమిషంలో మాటకూ మాటకూ మధ్య ఎడం పెరుగుతుంది. నీ పాటలో రెండో చరణానికి ముందు గాయని తీసుకున్న ఊపిరి వినిపించింది. వందలసార్లు విన్న పాటే, ఆ ఊపిరి మాత్రం ఎన్నడూ నా చెవిన పడలేదు. అక్కడ కాసేపు ఆగిపోయానురా.

ఇక రెవర్బ్ గొంతును దూరం జరుపుతుంది. పెళ్లివారంతా వెళ్లిపోయిన కల్యాణ మండపంలో ఎవరో పాడుతున్నట్టు ఉంటుంది. దగ్గర లేని మనిషిని తలుచుకునే పాటకు ఆ దూరం నప్పుతుంది. నువ్వు మరీ ఎక్కువ పోశావు. ఒత్తులు కరిగిపోయాయి, పల్లవిలో ఒక మాట నాకు అర్థమే కాలేదు. తెలుగు పాటలో మాట పోతే సగం ప్రేమ పోయినట్టే. రెవర్బ్‌కు పంపేటప్పుడు 200 హెర్ట్జ్ కింది ధ్వనిని తగ్గించు, లేకపోతే తబలా డగ్గా మోత అంతటా పరుచుకుంటుంది. రెవర్బ్ మొదలయ్యే ముందు 30 మిల్లీసెకన్ల జాగా ఇవ్వు. ముందు మాట చెవిన పడాలి, ఆ వెనకే దాని నీడ రావాలి. వాయిద్యాలు తక్కువున్న పాటలు ఎంచుకో. ఈ పాటకైతే వేగం 0.85 చాలు.

అర్ధరాత్రి మిక్సింగ్ ముగించకు. ఆ వేళ ఎంత రెవర్బ్ పోసినా తక్కువే అనిపిస్తుంది. పొద్దున లేచి, అసలు పాట ఒకసారి విని, ఆ తర్వాత నీది విను.

సరిచేశాక ముందు అమ్మకు వినిపించు. ఆ టేప్‌రికార్డర్ సంగతి నేను చెప్పానని అనకు, తనకే గుర్తొస్తుందేమో చూడు.

మీ మామయ్య